ఈజిప్టు కథ చెప్పబోయేవాళ్లకు నా అనుభవ పాఠాలు

కళాశాలలో చరిత్ర చెప్పడం నా ఉద్యోగం. ప్రాచీన ఈజిప్టు గురించి ఊరూరా తిరిగి చెప్పడం నేను ఇష్టపడి నెత్తికెత్తుకున్న పని. జిల్లా గ్రంథాలయాల్లో, ప్రభుత్వ పాఠశాలల్లో, విశ్రాంత ఉద్యోగుల సంఘాల్లో, చివరికి అపార్టుమెంటు మేడల మీద కూడా చెప్పాను. ఈజిప్టు పేరెత్తగానే జనం చెవులు నిక్కబొడుచుకుంటారు. పిరమిడ్లు, మమ్మీలు, టుటన్‌ఖామున్ బంగారు ముసుగు తెలియని పిల్లలు లేరు. ఆసక్తి ముందే ఉన్నచోట చెప్పేవాడి బాధ్యత తగ్గదు, పెరుగుతుంది. ఆ ఆసక్తిని వింతకథలతో నింపి పంపాలా, లేక ఆలోచన వైపు నడిపించాలా అన్నది మన చేతుల్లోనే ఉంటుంది. ఇప్పుడీ పనిని యువ ఉపాధ్యాయులు, యూట్యూబ్‌లో చరిత్ర చెబుతున్న కుర్రవాళ్లు అందుకుంటున్నారు. వాళ్లకు పనికొస్తాయని నేను నేర్చుకున్నవి ఇక్కడ రాస్తున్నాను.

1. ఏం జరిగిందో చెప్పేముందు ఎలా తెలిసిందో చెప్పండి

నా పాఠాలన్నిటికీ ఇదే మూలం. ఏం జరిగిందో చెబితే శ్రోత ఆశ్చర్యపోతాడు. ఆ సంగతి మనకెలా తెలిసిందో చెబితే తానే ఆలోచించడం మొదలుపెడతాడు.

నేను ఏ బడికి వెళ్లినా రోసెట్టా రాయితోనే మొదలుపెడతాను. తేదీ తెలిసిన చివరి చిత్రలిపి శాసనం ఫిలే గుడిలో క్రీ.శ. 394లో చెక్కారు. ఆ తర్వాత పద్నాలుగు వందల ఏళ్లపాటు గుడి గోడల నిండా రాతలున్నా చదివే మనిషి లేడు. 1799లో నెపోలియన్ సైనికులకు రషీద్ పట్టణం దగ్గర ఒక రాయి దొరికింది. దాని మీద క్రీ.పూ. 196 నాటి పూజారుల తీర్మానం ఒకటే మూడు రకాల రాతల్లో ఉంది: చిత్రలిపి, వాడుకలో ఉన్న డెమోటిక్ లిపి, గ్రీకు. గ్రీకు చదవగలరు కాబట్టి తాళంచెవి దొరికినట్టే అనుకున్నారు. అయినా తలుపు తెరుచుకోవడానికి ఇరవై మూడేళ్లు పట్టింది.

ఇక్కడ ఆగి పిల్లల చేతికి సుద్దముక్క ఇస్తాను. రాజుల పేర్లకు చుట్టూ గుండ్రటి గీత గీసేవారని చెప్పి, బోర్డు మీద టాలెమీ పేరు, క్లియోపాత్రా పేరు చిత్రలిపిలో వేస్తాను. మొదటి పేరులో సింహం నాలుగో చోట ఉంది, రెండో పేరులో రెండో చోట ఉంది. ఆ సింహం పలికే శబ్దం ఏది? కాసేపు గుసగుసలు నడుస్తాయి. తర్వాత వెనక బెంచీ నుంచి "ల" అని ఒక గొంతు వినిపిస్తుంది. థామస్ యంగ్ మొదలుపెట్టి, షాంపోలియన్ 1822లో కొలిక్కి తెచ్చిన పనిలో ఒక మెట్టును ఆ పిల్లవాడు సొంతంగా ఎక్కాడు. ఇక వాడు చరిత్రను బట్టీ పట్టడు.

2. వింత ప్రశ్న అడిగినవాణ్ని చిన్నబుచ్చకండి

"పిరమిడ్లు గ్రహాంతరవాసులు కట్టారట కదండీ?" ఈ ప్రశ్న రాని సభ నాకు గుర్తులేదు. వేదిక మీదున్న పండితుడు నవ్వితే అడిగిన మనిషి తలదించుకుంటాడు, తాను చూసిన వీడియో మీద వాడి నమ్మకం మరింత గట్టిపడుతుంది. ఇరవై మూడు లక్షల దాకా రాళ్లతో దాదాపు 146 మీటర్ల ఎత్తున లేచిన ఖుఫూ రాజు పిరమిడ్‌ను చూసి, మనుషులు దీన్ని ఎలా కట్టారని అడగడంలో తప్పేమీ లేదు. మర్యాదగా జవాబు చెప్పండి. జవాబు వింతకన్నా బాగుంటుంది.

ముందుగా, ఈజిప్షియన్లు ఒక్కరోజులో ఆ విద్య నేర్వలేదు. జోసెర్ రాజుకు కట్టింది ఆరు అంతస్తుల మెట్ల పిరమిడ్. ఖుఫూ తండ్రి స్నెఫెరు కాలంలో దహ్షూర్‌లో కట్టిన పిరమిడ్‌ను చూస్తే, కింద 54 డిగ్రీల వాలుతో లేచి, సగానికి పైన 43 డిగ్రీలకు వంగి కనిపిస్తుంది. కడుతూ కడుతూ వాలు తగ్గించుకున్నారు. ఆ పక్కనే ఉన్న ఎర్ర పిరమిడ్‌ను మొదటినుంచీ తక్కువ వాలుతో కట్టారు. తడబడి, దిద్దుకుని, నేర్చుకున్న మనుషుల ఆనవాళ్లు ఇవి.

తర్వాత మెరెర్ సంగతి చెప్పండి. 2013లో ఎర్ర సముద్రపు ఒడ్డున వాది అల్ జర్ఫ్ అనే చోట పియెర్ తాలే బృందానికి పపైరస్ కాగితాలు దొరికాయి. ఇప్పటిదాకా దొరికిన రాత పపైరస్‌లలో అవే అతి పాతవి. వాటిలో మెరెర్ అనే మేస్త్రీ రాయించిన దినచర్య ఉంది. నలభైమంది దాకా ఉన్న తన ముఠాతో తురా గనుల నుంచి సున్నపురాయిని పడవల మీద గిజాకు చేరవేసిన లెక్క అది. ఏ రోజు ఎక్కడ రాయి ఎత్తారు, ఏ రాత్రి ఎక్కడ పడుకున్నారు, అన్నీ ఉన్నాయి. గిజాలో ఆ పనివాళ్ల ఊరూ బయటపడింది. రొట్టెలు కాల్చిన పొయ్యిలు, తిని పారేసిన పశువుల ఎముకలు, విరిగి మళ్లీ అతుక్కున్న చేతి ఎముకలతో కూలీల సమాధులు దొరికాయి. ఇవన్నీ విన్నాక గ్రహాంతరవాసుల గురించి ఎవరూ మళ్లీ అడగలేదు. మెరెర్ గురించి మాత్రం ఇంకా చెప్పమన్నారు.

3. రాజుకన్నా ముందు కూలివాడి పేరు చెప్పండి

వంశావళులతో మొదలుపెడితే సభ పది నిమిషాల్లో చల్లబడుతుంది. డైర్ ఎల్ మదీనా అనే ఊరితో మొదలుపెట్టండి. రాజుల లోయలో సమాధులు తొలిచి, చెక్కి, రంగులు వేసిన పనివాళ్లు కుటుంబాలతో కాపురమున్న ఊరది. వాళ్లు పెంకుల మీద, రాతి పలకల మీద రాసి పారేసిన చీటీలు వేలల్లో దొరికాయి.

అందులో ఒకటి రెండో రామ్సెస్ నలభయ్యో ఏటి హాజరుపట్టీ. ఇప్పుడు బ్రిటిష్ మ్యూజియంలో ఉంది. ఎవరు ఏ రోజు పనికి రాలేదో, ఎందుకు రాలేదో అందులో రాశారు. ఒకడికి తేలు కుట్టింది. ఒకడికి కంటి జబ్బు. ఒకడు ఇంట్లో బీరు కాచుకుంటున్నాడు. ఒకడు చనిపోయిన అమ్మ దేహానికి గుడ్డలు చుడుతున్నాడు. ఈ పట్టీ చదివినప్పుడల్లా సభలో కదలిక వస్తుంది. మూడువేల రెండువందల ఏళ్ల కిందటి మనిషి ఉన్నట్టుండి దగ్గరివాడవుతాడు.

మూడో రామ్సెస్ ఇరవై తొమ్మిదో ఏట ఆ ఊరి పనివాళ్లకు కూలి గింజలు సమయానికి అందలేదు. నాణేలు లేని కాలం, గింజలే జీతం. వాళ్లు పని మానేసి, గోడలు దాటి వెళ్లి, రాజుల స్మారక దేవాలయాల వెనక కూర్చున్నారు. ఆకలీ దాహమే తమను అక్కడికి తెచ్చాయని అధికారులకు చెప్పుకున్నారు. రాతలో మిగిలిన సమ్మెల్లో తెలిసినంతవరకు ఇదే మొదటిది. ఆ పపైరస్ ఇటలీలోని ట్యూరిన్‌లో ఉంది.

అదే ఊళ్లో నౌనఖ్తె అనే తల్లి ఉండేది. ఎనిమిది మంది పిల్లల్ని పెంచింది. ముసలితనంలో తనను చూసుకున్న బిడ్డలకే తన సొంత ఆస్తి దక్కాలని, పట్టించుకోనివాళ్లకు వాటా లేదని పెద్దల ముందు వీలునామా రాయించింది. విశ్రాంత ఉద్యోగుల సంఘంలో ఈ కథ చెప్పిన రోజు హాలంతా నిశ్శబ్దమైపోయింది. తర్వాత ఒకావిడ లేచి, "ఆడవాళ్లకు సొంత ఆస్తి ఉండేదా అప్పుడు?" అని అడిగారు. ఉండేది. కొనొచ్చు, అమ్మొచ్చు, కోర్టుకెక్కొచ్చు. ఆ ఒక్క ప్రశ్న మీద మిగిలిన సాయంత్రమంతా నడిచింది.

4. కాలాన్ని తెలిసిన గుర్తులతో కొలిచి చూపించండి

ఈజిప్టు చరిత్ర అంటే చాలామంది మనసులో పిరమిడ్లు, టుటన్‌ఖామున్, క్లియోపాత్రా ఒకే వీధిలో నిలబడి ఉంటారు. వాళ్లను విడదీసి ఎవరి కాలంలో వాళ్లను నిలబెట్టడం మన పని. నార్మెర్ రెండు రాజ్యాలను కలిపింది క్రీ.పూ. 3100 ప్రాంతంలో. గిజాలో ఖుఫూ పిరమిడ్ లేచింది క్రీ.పూ. 2560 ప్రాంతంలో. టుటన్‌ఖామున్ పుట్టేసరికే ఆ పిరమిడ్‌కు పన్నెండు వందల ఏళ్లు దాటాయి. క్లియోపాత్రా చనిపోయింది క్రీ.పూ. 30లో.

అంకెలు ఒక్కటే చెబితే నిలవవు. పక్కన మనకు తెలిసిన గుర్తు పెట్టండి. ఖుఫూ కాలానికి మొహెంజొదారో, హరప్పాల్లో ఇటుకల ఇళ్లు లేస్తున్నాయి. క్లియోపాత్రా కాలానికి మన దక్కన్‌లో శాతవాహనులున్నారు. ఇంకో సంగతి కూడా చెబుతాను. రెండో రామ్సెస్ కొడుకు ఖెమ్‌వాసెత్ తన కాలానికే వెయ్యేళ్లు దాటిన ఉనాస్ పిరమిడ్‌ను బాగుచేయించి, ఆ సంగతి రాతి మీద చెక్కించాడు. పాతవాటిని కాపాడుకోవాలన్న ఆలోచన కూడా అంత పాతదే అని విన్నప్పుడు, మన ఊరి పాడుబడ్డ గుడి గురించి ఎవరో ఒకరు తప్పకుండా మాట్లాడతారు.

5. శాపం కథ అడిగితే శాపం గుట్టు కూడా చెప్పండి

హోవర్డ్ కార్టర్ బృందానికి 1922 నవంబరు 4న టుటన్‌ఖామున్ సమాధి మొదటి మెట్టు దొరికింది. తవ్వకాలకు డబ్బు పెట్టిన కార్నార్వన్ 1923 ఏప్రిల్ 5న కైరోలో చనిపోయాడు. దోమకాటు పుండై, రక్తంలో విషం చేరి, న్యుమోనియాకు దారితీసింది. సమాధి వార్తల హక్కును ఆయన లండన్ టైమ్స్ పత్రికకు ఇచ్చేశాడు. లోపలి కబురు దొరకని మిగతా పత్రికలకు, సమాధి తెరిచినవాళ్లను శాపం వెంటాడుతుందన్న కథ దొరికింది.

సమాధిలో ముందుగా అడుగుపెట్టినవాళ్లలో ఒకరైన కార్నార్వన్ కూతురు ఎవెలిన్ 1980 దాకా బతికింది. కార్టర్ 1939 దాకా ఉన్నాడు. సమాధి తెరిచినప్పుడు అక్కడున్నవాళ్ల ఆయుష్షు ఏమైనా తగ్గిందా అని లెక్కగట్టిన పరిశోధన 2002లో బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో వచ్చింది. తగ్గినట్టు ఆధారమేమీ కనబడలేదు.

శాపం లేదని చెప్పి ఊరుకుంటే శ్రోత చేతిలో ఏమీ మిగలదు. అందుకే అసలు అద్భుతం వైపు తీసుకెళతాను. కార్టర్‌కు ఆ చిన్న సమాధిలోని అయిదువేలకు పైగా వస్తువులను తీయడానికి పదేళ్లు పట్టింది. ప్రతి వస్తువుకూ అంకె, కొలత, బొమ్మ ఉన్నాయి, హ్యారీ బర్టన్ తీసిన ఫోటోలు ఉన్నాయి. పూసల దండలో దారం చివికిపోతే, పూసల వరుస చెదరకుండా ముందు మైనం పోసి ఎత్తేవారు. బంగారం చూసి ఊగిపోకుండా పదేళ్లు కూర్చుని లెక్క రాసిన ఆ ఓర్పును పిల్లలకు చూపించాలి.

6. మమ్మీ ముందు నిలబడితే మనిషి ముందు నిలబడ్డట్టే

హైదరాబాద్ పబ్లిక్ గార్డెన్స్‌లోని రాష్ట్ర పురావస్తు మ్యూజియంలో ఒక ఈజిప్టు మమ్మీ ఉంది. దాన్ని తెప్పించిన నజీర్ నవాజ్ జంగ్ ఏడో నిజాంకు ఇచ్చారు, నిజాం మ్యూజియానికి అప్పగించారు. అక్కడికి పిల్లలను తీసుకెళ్లినప్పుడు లోపలికి అడుగుపెట్టకముందే ఒక మాట చెబుతాను: మనం చూడబోయేది ఒక అమ్మాయిని. తనవాళ్లు డెబ్బై రోజుల క్రతువు చేసి, నేట్రాన్ ఉప్పుతో ఆరబెట్టి, గుడ్డలు చుట్టి, ఇంకో లోకంలో మళ్లీ బతుకుతుందని నమ్మి సాగనంపిన మనిషిని. ఆ మాట విన్న పిల్లలు అద్దం ముందు వెకిలి వేషాలు వేయడం నేను చూడలేదు.

పందొమ్మిదో శతాబ్దపు లండన్‌లో టిక్కెట్లు అమ్మి జనం ముందు మమ్మీల కట్లు విప్పేవారు. 2021 ఏప్రిల్ 3న కైరోలో 22 మంది రాజులు, రాణుల దేహాలను తహ్రీర్ చౌక్ మ్యూజియం నుంచి కొత్త మ్యూజియానికి అధికార లాంఛనాలతో ఊరేగింపుగా తీసుకెళ్లారు. మొదటిది తమాషా, రెండోది మర్యాద. మన మాటలో ఏది వినబడుతోందో ప్రతిసారీ చూసుకోవాలి.

7. ఖాయమైనదానికీ ఊహకూ మధ్య గీత గట్టిగా గీయండి

"తెలుసు", "అనుకుంటున్నారు", "ఇంకా తేలలేదు" అనే మూడు మాటలు ఎప్పుడూ నాలుక చివర ఉంచుకోండి. టుటన్‌ఖామున్ పుర్రెకు 1968లో తీసిన ఎక్స్‌రేలో ఎముక ముక్కలు కనబడ్డాయి. దాంతో హత్య కథలు పుట్టి ఏళ్ల తరబడి తిరిగాయి. 2005లో సీటీ స్కాన్ చేస్తే తలపై కొట్టి చంపిన ఆనవాలు లేదని తేలింది. 2015లో ఆ సమాధి గోడల వెనకే రాణి నెఫెర్టిటి గది ఉందని ప్రపంచమంతా మారుమోగింది. 2018లో రాడార్‌తో శ్రద్ధగా వెతికిన ఇటలీ బృందం గది ఏదీ లేదని చెప్పింది. మొదటి వార్త విన్నవాళ్లలో రెండోది విన్నవాళ్లు తక్కువ.

నా సభల్లో రెండో వార్తకే ఎక్కువ సమయం ఇస్తాను. ఒక పండితుడు ప్రతిపాదించడం, మరొకరు పరీక్షించడం, ఫలితం తేలాక దాన్ని అందరి ముందూ పెట్టడం, ఇదంతా చూసినవాళ్లకు శాస్త్రం మీద గౌరవం పెరుగుతుంది.

8. పలుగు పట్టినవాళ్లనూ, ఆ నేల పండితులనూ మరవకండి

ఈజిప్టు కథను యూరప్ దొరలు కనిపెట్టిన కథగా చెప్పడం పాత అలవాటు. కార్టర్ పుస్తకంలోనే అహ్మద్ గెరిగార్, గాద్ హసన్, హుసేన్ అబూ అవాద్, హుసేన్ అహ్మద్ సయీద్ అనే మేస్త్రీలకు కృతజ్ఞత ఉంది. మన పుస్తకాల్లో ఆ పేర్లు కనబడవు. విదేశీయులు ఆ శాస్త్రాన్ని తమ గుప్పిట్లో ఉంచుకున్న రోజుల్లో ఈజిప్టు పండితుడు అహ్మద్ కమాల్ పట్టుబట్టి చిత్రలిపి నేర్చి, నేర్పి, ప్రాచీన భాషకు పెద్ద నిఘంటువు కూర్చారు. గిజా పిరమిడ్ల దగ్గరే 2025 నవంబరులో తెరుచుకున్న గ్రాండ్ ఈజిప్షియన్ మ్యూజియం ఆ పట్టుదలకు కొనసాగింపు.

అబూ సింబెల్ గురించి మన శ్రోతలకు చెప్పడం సులువు. నాగార్జునసాగర్ నీళ్లలో మునిగిపోయే శిథిలాలను తవ్వి, కొన్నింటిని కొండ మీదికి చేర్చిన నాగార్జునకొండ మనకు తెలుసు. అస్వాన్ ఆనకట్ట నీళ్ల నుంచి రెండో రామ్సెస్ కొండగుడిని ముక్కలుగా కోసి, 1964 నుంచి 1968 వరకు శ్రమించి, 65 మీటర్ల ఎత్తుకు చేర్చారు. యునెస్కో పిలుపు అందుకుని, అబూ సింబెల్ ఉన్న నుబియా ప్రాంతానికి వెళ్లిన దేశాల్లో మన దేశం ఉంది. బి.బి. లాల్ నాయకత్వంలో భారత పురావస్తు శాఖ అఫియే దగ్గర తవ్వింది.

9. ఉన్న బంధం చూపించండి, లేనిది కట్టకండి

పేరు పోలిక పట్టుకుని రామ్సెస్ మన రాముడేనని చెప్పేవాళ్లు ప్రతి ఊళ్లోనూ ఉంటారు. దానికి ఆధారం లేదు. ఆధారమున్న బంధాలు చెబితే వాళ్లే ఆనందిస్తారు.

కర్నూలు జిల్లా ఎర్రగుడి బండల మీద అశోకుడి పెద్ద శాసనాలున్నాయి. పదమూడో శాసనంలో ఆయన పేర్కొన్న యవన రాజుల్లో తురమాయుడు ఒకడు. ఈజిప్టునేలిన రెండో టాలెమీయే అతడు. అంటే రాయలసీమ రాతి మీద ఈజిప్టు రాజు పేరు ఇరవై రెండు శతాబ్దాలుగా ఉంది. క్రీ.శ. మొదటి శతాబ్దంలో ఈజిప్టులో ఉండే ఒక గ్రీకు వర్తకుడు రాసిన ఎర్ర సముద్ర యాత్రా గ్రంథంలో మసాలియా తీరం సన్నని నూలుబట్టలకు పేరు పొందిందని ఉంది. అది మన కృష్ణా తీరం. ఈజిప్టు ఓడరేవు బెరెనికేలో ఏడున్నర కిలోల మిరియాలున్న మన దేశపు జాడీ దొరికింది. 2022లో అక్కడే ఐసిస్ దేవత గుడి దగ్గర బుద్ధుడి పాలరాతి విగ్రహమూ దొరికింది. ఇంత గట్టి సాక్ష్యం చేతిలో ఉండగా కల్పన ఎందుకు?

10. తెలుగులో చెప్పండి, తేలికగా చెప్పండి, తక్కువ చేసి చెప్పకండి

సామాన్యులకు ఇంత వివరం ఎందుకని అనేవాళ్లు తారసపడతారు. వాళ్ల మాట పట్టించుకోకండి. ఆటో నడిపే మనిషి మెరెర్ పడవ లెక్కలు శ్రద్ధగా విన్నాడు. చేనేత పనివారు మమ్మీకి చుట్టిన నార బట్ట నేత గురించి పండితులు అడగని ప్రశ్నలు అడిగారు. వినేవాళ్ల తెలివి మీద నమ్మకముంచినప్పుడే మన మాటకు విలువ. కష్టమైన పదం తగ్గించండి, విషయం తగ్గించకండి.

ఈ పనిలోకి వచ్చే ప్రతి ఒక్కరినీ నేను కోరేది ఇదే. సభకు వెళ్లేటప్పుడు ఒక్క కథతో పాటు దాని ఆధారం కూడా వెంట తీసుకెళ్లండి. చదువరులకూ ఒక విన్నపం: ఎవరు చరిత్ర చెప్పినా, అది ఈజిప్టుదైనా మన ఊరిదైనా, "ఇది మీకెలా తెలిసింది?" అని మర్యాదగా అడగండి. జవాబు ఇవ్వగలిగినవాళ్ల దగ్గరికే మీ పిల్లలను పంపండి.